బోడ్రు పాము పేరు ఎవరు చెప్పారు?

నాలుగేళ్ళ కింద మా బడిలో ఐదో తరగతి చదివే పిల్ల వారం రోజులు రాలేదు. సంగతేమిటో కనుక్కుందామని వాళ్ళ ఊరికి పోతే, వాళ్ళ నాయన ఇంటి ముందు మంచం మీద కూర్చొని ఉన్నాడు. కుడిచెయ్యి మోచేతి దాకా వాచి, తోలు బిగుసుకొని మెరుస్తున్నది. గోదావరి అవతల వాజేడు వైపు గుట్టల్లో వెదురు నరకడానికి పోయి పొదలో చెయ్యి పెట్టాడట. ఆకుపచ్చ పాము కాటేసింది. ఆస్పత్రిలో మూడు రోజులు ఉంచుకొని ఇంటికి పంపారు. చీటీ తెచ్చి నాకు చూపించాడు. అందులో ఇంగ్లీషులో రాసి ఉన్న మాటకు అర్థం ఏమిటని అడిగాడు. "గుర్తు తెలియని పాము కాటు" అని చదివి చెప్పాను.

పక్కన తాళ్ళు పేనుతున్న ఆయన మామ, డెబ్బై దాటిన మనిషి, తల ఎత్తాడు.

"గుర్తు తెలియకపోవుడేంది సారూ? అది వెదురు పాము. తల వెడల్పుగ ఉంటది, మెడ సన్నం. తోకతోని కొమ్మకు చుట్టుకొని, పగలంతా కదలకుండ పడి ఉంటది. నేను ఆడనే ఉన్న. డాక్టరు అడిగితే చెప్పేటోణ్ణి. అడగలే."

ఆ పామును నేను చూడలేదు. తాత చెప్పిన గుర్తులే నా దగ్గర ఉన్నాయి. కానీ ఆయన చివర అన్న ఆ ఒక్క మాట, "అడగలే" అన్నది, చాలా రోజులు నన్ను వదలలేదు. ఎందుకంటే ఇదే జాతి పాము గురించి రెండు వందల ఏళ్ళ కింద ఒక పరదేశి డాక్టరు అడిగాడు. అడిగి, మన తెలుగు మాటనే రాసుకున్నాడు. ఆ మాట లండన్‌లో అచ్చయింది. ఈ వ్యాసం ఆ మాట గురించి.

ఆయన పేరు ప్యాట్రిక్ రస్సెల్. స్కాట్లాండ్‌లోని ఎడింబరోలో పుట్టాడు. చాలా ఏళ్ళు సిరియా దేశంలోని అలెప్పోలో వైద్యం చేశాడు. ఆయన తమ్ముడు క్లాడ్ రస్సెల్‌కు ఈస్టిండియా కంపెనీ విశాఖపట్నంలో పెద్ద ఉద్యోగం ఇచ్చినప్పుడు, 1781లో తమ్ముడితో పాటు మన తీరానికి వచ్చాడు. అప్పటికే యాభై దాటిన మనిషి. కంపెనీకి మొక్కల మీద పరిశోధన చేసే కోనిగ్ అనే ఆయన 1785లో కాకినాడ దగ్గర జగన్నాథపురంలో చనిపోతే, ఆ పని రస్సెల్‌కు అప్పగించారు. మొక్కలతో పాటు చేపలనూ పాములనూ పోగుచేశాడు. సిపాయిలు, కూలీలు, రైతులు పాము కాటుకు చచ్చిపోతున్నారు. ఏది విషప్పామో ఏది కాదో తెల్లవాళ్ళకు తెలియదు, కనిపించిన ప్రతి పాముకూ భయపడుతున్నారు. ఆ తేడా తేల్చాలన్నది రస్సెల్ పట్టుదల. కోళ్ళనూ కుక్కలనూ పాములతో కరిపించి ఏమవుతుందో రాసుకున్నాడు. పాముకాటుకు తంజావూరు మాత్రలని పేరుపడ్డ మందును కూడా పరీక్షించాడు. అందులో పాషాణం ఉందని తేలింది.

ఇంగ్లండు తిరిగి వెళ్ళాక 1796లో ఆయన పుస్తకం మొదటి భాగం వచ్చింది. కోరమాండల్ తీరంలో సేకరించిన పాముల వివరాలు, రంగుల బొమ్మలతో. కంపెనీ డైరెక్టర్ల ఆదేశం మీద అచ్చు వేశారు, చాలా పెద్ద సైజు పుస్తకం. ఆ పుస్తకంలో నాకు ఆశ్చర్యం కలిగించింది బొమ్మలు కాదు, పేర్లు. పాములకు ఆయన కొత్తగా లాటిన్ పేర్లు పెట్టలేదు. తనకు జనం ఏం చెప్పారో అదే ఇంగ్లీషు అక్షరాల్లో రాసి పైన పెట్టాడు. రక్తపింజరకు "కాటుక రేకుల పొడ" అని ఉంది. నల్ల చారలూ పసుపు చారలూ ఉండే పెద్ద కట్లపాముకు "బంగారు పాము" అనే అర్థం వచ్చేలా రాశాడు. తీగలాగా సన్నగా పచ్చగా ఉండే పాముకు "పసిరిక పాము". తొమ్మిదో బొమ్మ దగ్గర ఆకుపచ్చ ఒళ్ళు, వెడల్పాటి తల ఉన్న పాము. దాని పేరు "బోడ్రూ పామ్".

"కాటుక రేకుల పొడ" అన్న మాటను ఒకసారి పైకి చదివి చూడండి. రక్తపింజర వీపు మీద గొలుసులాగా వరసగా ఉండే మచ్చలకు అంచు నల్లగా, కాటుక గీసినట్టే ఉంటుంది. ఆ మాటను విశాఖలో ఏ దొరా పుట్టించలేదు. పామును దగ్గరగా, కదలకుండా, భయపడకుండా చూసినవాళ్ళు పుట్టించిన మాట అది. ఆ తర్వాత ప్రపంచం ఆ పాముకు రస్సెల్ పేరే పెట్టింది, ఈరోజుకూ డాక్టర్లు రస్సెల్స్ వైపర్ అనే అంటారు. కాటుక పోయింది, రేకులు పోయాయి. బంగారు పాముకు మాత్రం కాస్త న్యాయం దక్కింది. ఫ్రెంచి శాస్త్రవేత్త డాడిన్ 1803లో కట్లపాముల కుటుంబానికి "బంగారస్" అని పేరు పెట్టాడు. ప్రపంచంలో ఏ దేశం విద్యార్థి అయినా కట్లపాము గురించి చదవాలంటే మన బంగారాన్ని నోట పలకాల్సిందే. మా పిల్లలకు ఈ సంగతి చెప్పినప్పుడు తరగతిలో కాసేపు పాఠం సాగలేదు.

మరి బోడ్రు?

ఇంగ్లీషు అక్షరాల్లో చిక్కుకున్న తెలుగు మాటను మళ్ళీ బయటికి తీయడం తేలిక కాదు. ఇంటి కప్పుకు వేసే బోద గడ్డిలోని "బోద" అని ఒకరికి వినపడుతుంది, బోదురు కప్పలోని "బోదురు" అని ఇంకొకరికి. గడ్డి రంగు పాము కాబట్టి మొదటిది సరిపోతుంది, కప్పల్ని తినే పాము కాబట్టి రెండోది కూడా సరిపోతుంది. నేను పంచాయితీ తీర్చను. కాకపోతే ఒక చిత్రం చూడండి. లండన్‌లో బ్రిటిష్ మ్యూజియంలో పని చేసే జార్జ్ షా, ఇండియా గడప తొక్కని మనిషి, రస్సెల్ తొమ్మిదో బొమ్మను ఆధారం చేసుకొని 1802లో ఈ పాముకు లాటిన్ పేరు పెట్టాడు. ఆ పేరు "గ్రామినియస్". అంటే గడ్డికి సంబంధించినది, గడ్డి రంగుది.

అప్పటి నుంచి శాస్త్రం లెక్కలో ఈ పాము సొంత ఊరు విశాఖపట్నం. శాస్త్రంలో ఒక జీవికి పేరు పెట్టినప్పుడు, ఆ మొదటి నమూనా ఎక్కడిదో ఆ చోటు కూడా ఆ పేరుతో ముడిపడి ఉంటుంది. తర్వాత ఎవరికి ఎక్కడ ఆకుపచ్చ పాము దొరికినా, ఇది అదేనా కాదా అని తేల్చుకోవడానికి ఆ మొదటిదానితో పోల్చాలి. మన పాస్‌బుక్కులో సర్వే నంబరు లాంటిది.

కానీ ఆ పోల్చే పని వందేళ్ళకు పైగా సరిగా జరగలేదు. హిమాలయాల కింద దొరికిన ఆకుపచ్చ పింజరకూ గ్రామినియస్ అన్నారు. బర్మాలో దొరికినదానికీ, చైనాలో దొరికినదానికీ, తైవాన్, జావా దీవుల్లో దొరికినవాటికీ అదే పేరు తగిలించారు. చెట్టు మీద ఉంటుంది, పచ్చగా ఉంటుంది, కంటికీ ముక్కుకూ మధ్య గుంట ఉంటుంది, కాబట్టి ఒకటే అన్నారు. విశాఖ పాము పేరు ఆసియా ఖండమంతా పరచుకుంది. 1933లో క్లిఫర్డ్ పోప్, సారా పోప్ అనే అమెరికన్ దంపతులు ఓపికగా కూర్చొని పొలుసులు లెక్కపెట్టి, ఇవన్నీ ఒక్కటి కావు, వేర్వేరు జాతులు అని చూపించారు. ఒక్కొక్కటీ తన పేరు తను తీసుకొని పక్కకు జరిగింది. గ్రామినియస్ అన్న పేరు మళ్ళీ మన వైపుకు, మన దేశపు పాముకు మిగిలింది.

దాని ఇంటిపేరు కూడా మారింది. చాలా కాలం "ట్రైమెరెసూరస్" అనేవాళ్ళు. ఈ మధ్య, 2021లో, జన్యువుల్ని పోల్చి చూసిన మన దేశపు పరిశోధకులు దాన్నీ, పడమటి కనుమల్లోని దాని చుట్టాలనూ కలిపి "క్రాస్పెడోసెఫాలస్" అనే పాత ఇంటిపేరు కిందికి మార్చారు. పలకడం నాకూ కష్టమే. మా బడిలో ఒక పిల్లవాడు రెండో ప్రయత్నంలోనే పలికాడు, ఆ రోజంతా వాడిదే రాజ్యం.

ఇదే కుటుంబంలోని ఇంకో ఆకుపచ్చ పాము అరుణాచల్ ప్రదేశ్‌లో దొరికితే 2020లో దానికి "సలజార్" అని పేరు పెట్టారు. హ్యారీ పాటర్ కథల్లో పాములతో మాట్లాడే మాంత్రికుడి పేరు అది. పేర్లు పెట్టినవాళ్ళ మీద నాకు కోపం లేదు, పిల్లలకు నచ్చే పేరే. అయితే అరుణాచల్ అడవుల్లో కూడా ఆదివాసులు ఉన్నారు. వాళ్ళ ఇళ్ళల్లో ఆ పాముకు ఏదో ఒక పేరు ఉండే ఉంటుంది కదా అని ఆ వార్త చదివిన రోజు అనుకున్నాను.

రస్సెల్ దగ్గరికి మళ్ళీ వస్తాను. ఆయన ఒక విషయం బాగా గమనించాడు. ఈ రకం పాములకు కంటికీ ముక్కు రంధ్రానికీ మధ్య చెంప మీద ఇంకొక గుంట ఉంటుంది. నాగుపాముకు లేదు, కట్లపాముకు లేదు, రక్తపింజరకు కూడా లేదు. ఎందుకు ఉంది? 1804లో రాయల్ సొసైటీ పత్రికలో ఆయన, ఎవరార్డ్ హోమ్ అనే శస్త్రవైద్యుడు ఈ గుంటల గురించి రాశారు. హోమ్ వాటిని కోసి లోపలి నిర్మాణం చూశాడు. అది దేనికి పనికొస్తుందో మాత్రం వాళ్ళ కాలంలో తేలలేదు. ఇంకో నూట ముప్పై ఏళ్ళు పట్టింది. 1937లో నోబుల్, ష్మిట్ అనే ఇద్దరు అమెరికాలో పాముల కళ్ళు మూసి, వేడి బల్బునూ చల్లటి బల్బునూ గుడ్డ చుట్టి ముందు ఆడించి చూశారు. పాము వేడిదాన్నే కాటు వేసింది. అంటే ఆ గుంట వేడిని పసిగడుతుంది. చీకట్లో ఎలుక కనపడకపోయినా, ఎలుక ఒంటి వేడి పాముకు తెలిసిపోతుంది. ఆ గుంట లోపల పలచటి పొర ఒకటి అడ్డంగా ఉంటుంది, దాని నిండా నరాల చివర్లు. డిగ్రీలో చిన్న వంతు తేడాను కూడా అది పట్టగలదు. ఆ నరాల్లో వేడికి స్పందించే ప్రొటీన్ ఏదో 2010లో డేవిడ్ జూలియస్ బృందం కనిపెట్టింది. వేడినీ స్పర్శనూ మన నరాలు ఎలా పసిగడతాయన్న పరిశోధనకు ఆ జూలియస్‌కే 2021లో నోబెల్ బహుమతి వచ్చింది, ఇంకొకరితో కలిపి.

వెదురు నరికేవాళ్ళకు ఇందులో పనికొచ్చే సంగతి ఒకటి ఉంది. ఈ పాము పగలు పొదలోనో కొమ్మ మీదనో కదలకుండా ఉంటుంది. రంగు ఆకుల్లో కలిసిపోతుంది. అలికిడికి జెర్రిపోతులాగా పారిపోదు. దాని మానాన అది ఉంటుంది. మన చెయ్యి వెచ్చగా దాని మొహం దగ్గరికి వచ్చినప్పుడే కాటు. అందుకే ఎక్కువ కాట్లు చేతుల మీదే, కొన్నిసార్లు మొహం మీదా పడతాయి. మా తాతలు వెదురు పొదను ముందు గొడ్డలి కామతో రెండు మూడు సార్లు తట్టి, కాసేపు ఆగి, తర్వాతే చెయ్యి పెట్టేవాళ్ళు. ఇప్పటి పిల్లలకు ఆ ఆగడం లేదు. కూలి మోపుల లెక్కన కడుతున్నప్పుడు ఆగితే గిట్టదు కూడా.

ఈ పాము పెద్దది కాదు. రెండు, రెండున్నర అడుగులు. కప్పలు, బల్లులు, చిన్న ఎలుకలు, పిట్ట పిల్లలు దాని తిండి. గుడ్లు పెట్టదు, పిల్లల్నే కంటుంది. విశాఖ ఏజెన్సీ కొండలు, నల్లమల, ఇంకా మధ్య భారతంలో వెదురూ వాగులూ ఉన్న అడవుల్లో ఉంటుంది. విషం రక్తం మీదా కండ మీదా పని చేస్తుంది. వాపు, మంట, నొప్పి ఘోరంగా ఉంటాయి, కొన్నిసార్లు బొబ్బలు లేస్తాయి. మనిషి చనిపోవడం చాలా అరుదు. అలాగని ఇంట్లో కూర్చొని పసరు పోసుకోమని నేను ఎవరికీ చెప్పను. గట్టిగా తాడు బిగించడం, బ్లేడుతో కోయడం, నోటితో పీల్చడం, ఇవన్నీ చెయ్యిని పాడు చేస్తాయి. కరిచిన చెయ్యిని కదలకుండా ఉంచి, ఉంగరాలూ కడియాలూ తీసేసి, ఆస్పత్రికి పోవాలి. మా బడి గోడ మీద ఈ నాలుగు మాటలు రాయించాను.

ఇంకో పేచీ ఉంది. మన దేశంలో ఆస్పత్రుల్లో ఇచ్చే పాము విషం విరుగుడు మందు నాలుగు పాములకు తయారైనది: నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్న పింజర. గుంట ఉన్న పింజరల విషం ఆ మందు తయారీలో లేదు. అందువల్ల ఏ పాము కరిచిందో గుర్తు చెప్పగలగడం వట్టి కబుర్ల సంగతి కాదు, వైద్యానికి అవసరమైన సంగతి. వెదురు పాము అని తెలిస్తే, వాపు చూసుకుంటూ, రక్తం గడ్డకడుతుందో లేదో పరీక్షించుకుంటూ నొప్పికి మందిచ్చే దారి ఒకటి ఉంటుంది. తెలియకపోతే రక్తపింజర అనే భయంతోనే నడవాలి, అలా నడవడంలో డాక్టరు తప్పు పెద్దగా లేదు కూడా. తాత ఆస్పత్రి వరండాలోనే ఉన్నాడు, చీటీలో మాత్రం "గుర్తు తెలియని" అని పడింది. నా బాధ అదొక్కటే. పామును పట్టి తీసుకుపోవద్దు, అది ఇంకో కాటుకు దారి. కానీ చూసినవాణ్ణి అడగవచ్చు కదా.

ఆ మందు వెనకా ఆదివాసులే ఉన్నారని మన పిల్లలకు చెప్పేవాళ్ళు తక్కువ. తమిళనాడులో ఇరుళర్లు అనే తెగ ఉంది. తరతరాలుగా పాములు పట్టేవాళ్ళు. ఒకప్పుడు తోళ్ళ వ్యాపారులు వాళ్ళ చేత పాములు పట్టించి, చంపించి, లాభం తాము తినేవాళ్ళు. 1972 వన్యప్రాణి చట్టం వచ్చాక ఆ వ్యాపారం ఆగింది, ఇరుళర్ల పొట్ట కూడా ఎండింది. 1978లో రోములస్ విటేకర్ తోడ్పాటుతో వాళ్ళ సహకార సంఘం మొదలైంది. పామును పట్టి, విషం తీసి, మళ్ళీ అడవిలో వదిలేస్తారు. దేశంలో విరుగుడు మందు తయారీకి వాడే విషంలో ఎక్కువ భాగం ఆ సంఘం నుంచే పోతుంది. ఆ తెగకు చెందిన వడివేల్ గోపాల్, మాసి సడయన్‌లను అమెరికావాళ్ళు 2017లో ఫ్లోరిడాకు పిలిపించుకొని అక్కడ బెడదగా మారిన కొండచిలువల్ని పట్టించుకున్నారు. 2023లో ఇద్దరికీ పద్మశ్రీ వచ్చింది. పాము జాడను నేల మీద చదవడం వాళ్ళకు బడి నేర్పిన చదువు కాదు. అయినా రస్సెల్ కాలానికీ ఇప్పటికీ ఒక తేడా కనిపిస్తుంది. వాళ్ళ పేర్లు ఇప్పుడు మనకు తెలుసు.

రస్సెల్‌కు బోడ్రు పాము పేరు చెప్పినవాళ్ళ పేరు మాత్రం ఎక్కడా లేదు. పామును పట్టి తెచ్చినది ఎవరు? తీరపు పల్లెవాళ్ళా, పాములాడించేవాళ్ళా, కొండ నుంచి వెదురు మోపు దించుకొని వచ్చిన కొండదొరో బగతో ఎవరైనా ఒకరా? చెట్ల మీద ఉండే పాము పట్నం వీధుల్లో దొరకదు కాబట్టి, అడవి ఎరిగినవాళ్ళ చెయ్యి అందులో ఉందని నేను నమ్ముతాను. ఇది నా నమ్మకమే. పుస్తకంలో బొమ్మకు పేరుంది, పుస్తకం వేసినవాడికి పేరుంది, పామును చూపించినవాడికి పేరు లేదు. రస్సెల్‌ను తప్పు పట్టాలని నాకు లేదు. ఆయన అడిగాడు, విన్నాడు, విన్నది విన్నట్టు రాశాడు. ఆయన తర్వాత వచ్చిన చాలామంది అది కూడా చేయలేదు.

తర్వాతి వందేళ్ళలో సర్కారుకు పాము మీద ఇంకో రకం ఆసక్తి పుట్టింది. 1870ల నుంచి చంపిన పాముకు ఇంతని బహుమతి ఇచ్చే పద్ధతి బ్రిటిష్ ఇండియాలో పెరిగింది. ఏటా లక్షల సంఖ్యలో పాముల్ని చంపినట్టు రికార్డులు రాశారు. బహుమతి కోసం పాముల్ని తెచ్చినప్పుడు ఏది విషప్పామో ఏది కాదో చూసే ఓపిక ఎవరికి ఉంటుంది? తెచ్చినదానికి డబ్బు ఇచ్చి పూడ్చిపెట్టారు. ఇన్ని లక్షలు చంపినా పాము కాటు చావులు తగ్గలేదు. ఈనాటి లెక్క కూడా చెబుతాను. 2000 నుంచి 2019 వరకు మన దేశంలో పాము కాటుతో చనిపోయినవాళ్ళు సుమారు 12 లక్షలని 2020లో వచ్చిన ఒక అధ్యయనం తేల్చింది. ఏడాదికి 58 వేలు. చావులు ఎక్కువగా ఉన్న రాష్ట్రాల్లో మన రెండు తెలుగు ప్రాంతాలూ ఉన్నాయి. పొలంలో, అడవిలో, నేల మీద పడుకునే ఇళ్ళల్లో ఉండేవాళ్ళే ఇందులో ఎక్కువమంది.

మన దగ్గర పాముతో మనిషి పొత్తు వేరే రకంగా ఉండేది. ఆదిలాబాదు గోండుల్లో మెస్రం వంశం వాళ్ళకు కెస్లాపూర్‌లో నాగోబా దేవుడు. పుష్య అమావాస్యకు గోదావరి నీళ్ళు కాలినడకన మోసుకొచ్చి పూజ చేస్తారు. మా మేడారం కథలో సమ్మక్క తల్లి చిలకలగుట్ట దిక్కుగా నడిచిపోయి మాయమైనప్పుడు, వెతకబోయినవాళ్ళకు నాగవృక్షం కింద పుట్ట దగ్గర కుంకుమ భరిణె దొరికింది. జాతరకు తల్లి రావడానికి ముందు అడవి నుంచి వెదురు తెచ్చి గద్దె మీద నిలుపుతారు. పుట్ట, పాము, వెదురు ఈ మూడూ మా కథల్లో పక్కపక్కనే ఉంటాయి. భాషలో కూడా ఈ పొత్తు కనిపిస్తుంది. గోండిలో పామును "తరాస్" అంటారు. తెలుగులో "త్రాచు" దానికి చుట్టమే. గోండిలో ఆ మాట పాములన్నిటికీ చెల్లుతుంది, తెలుగులో నాగుపాము ఒక్కదానికే కుదించుకుపోయింది.

పాము ఉండే చోటు సంగతి కూడా చెప్పాలి. వెదురు పాముకు వెదురు కావాలి, నీడ కావాలి, కప్పలుండే తడి కావాలి. గడిచిన ఎనభై ఏళ్ళలో మన ప్రాంతపు వెదురు ఎక్కడికి పోయింది? కాగజ్‌నగర్‌లో సిర్పూరు పేపరు మిల్లు, రాజమండ్రిలో ఆంధ్రా పేపరు మిల్లు, మా ములుగు వైపు మంగపేట దగ్గర కమలాపురం మిల్లు. కమలాపురంలో కాగితం కాదు, రేయాన్ బట్టకు పనికొచ్చే గుజ్జు తీసేవాళ్ళు, అది 2014లో మూతపడింది. మిల్లులకు వెదురు లారీల్లో పోయింది, నరికినది మనవాళ్ళే, కాటు తిన్నదీ మనవాళ్ళే. నరికిన చోట జామాయిలు వేశారు. జామాయిలు తోట కింద పొద ఉండదు. అడవి పొద లేని చోట కప్పా తక్కువే, పామూ తక్కువే. 2006 అటవీ హక్కుల చట్టం వెదురును చిన్న తరహా అటవీ ఉత్పత్తుల్లో చేర్చి, దాని మీద హక్కు గ్రామసభకు ఇచ్చింది. కాగితం మీద ఇచ్చింది. బుట్టకు నాలుగు బొంగులు తెచ్చుకున్నా దారిలో ఆపి అడిగే రోజులు మా వైపు పూర్తిగా పోలేదు.

పచ్చగా కనిపించిన ప్రతి పామునూ చంపే అలవాటు మాత్రం బాగా పెరిగింది. పోయిన వానాకాలం మా బడి ప్రహరీ మీద ఒక పచ్చ పామును పిల్లలు కొట్టి చంపారు. కళ్ళు పొడుస్తుందని భయం. నేను వచ్చి చూసేసరికి అయిపోయింది. సన్నటి ఒళ్ళు, సూదిలాంటి మూతి, కనుపాప అడ్డంగా ఉంది. పసిరిక పాము. మనిషికి దానితో ప్రమాదం లేదు. వెదురు పాముకు మూతి మొద్దుగా ఉంటుంది, కనుపాప పిల్లి కంటిలాగా నిలువుగా ఉంటుంది. రస్సెల్‌కు పేర్లు చెప్పినవాళ్ళు ఈ రెంటినీ వేరు వేరు పేర్లతో పిలిచారు. మా పిల్లలకు రెండూ "పచ్చ పామే". రెండు వందల ఏళ్ళలో మనం పోగొట్టుకున్నది ఎంతో ఆ ఒక్క మాటలో నాకు కనిపించింది.

ఆ మధ్యాహ్నమే రెండు వందల పేజీల నోటుబుక్కు ఒకటి కొన్నాను. పేజీకి నాలుగు గడులు గీశాం. పాము పేరు, గుర్తులు, ఎక్కడ చూశారు, చెప్పినవాళ్ళ పేరు, ఊరు. పిల్లలు ఇంటికి పోయి అడిగి రావాలి, పామును పట్టుకోవడానికి గానీ వెతకడానికి గానీ పోవద్దని గట్టిగా చెప్పాను. ఇప్పటికి ఇరవై ఆరు పేర్లు వచ్చాయి. కొన్ని కోయ మాటలు, కొన్ని తెలుగు. ఒకే పాముకు మూడు ఊళ్ళలో మూడు పేర్లు, ఒకే పేరు రెండు పాములకు. తప్పులు ఉన్నాయి, దిద్దడం తర్వాత.

వెదురు పాము కోసం నేనే తాత దగ్గరికి పోయాను. గుర్తులన్నీ మళ్ళీ చెప్పించుకొని రాశాను. చివరి గడిలో ఆయన పేరు రాస్తుంటే చూసి, "నా పేరెందుకు సారూ, పాముది రాస్తివి గద" అన్నాడు.

"నీ పేరు కూడా ఉండాలె తాతా" అన్నాను.

కాసేపు తాడు పేనుకుంటూ ఊరుకున్నాడు. తర్వాత, "అయితే మా నాయన పేరు రాయి. నాకు చూపెట్టింది ఆయన" అన్నాడు. గడి చిన్నది. పక్కన మార్జిన్‌లోకి జరిపి ఇద్దరి పేర్లూ రాశాను.